నైట్ హాల్ట్ ప్రథమఫలం

అక్టోబర్ 27, సోమవారం

జెన్నీ పొద్దున్నే వైజాగ్ వెళ్ళిపోయింది. చేరానని ఫోను చేసింది. అయినా ఎందుకో కాలు నిలవడం లేదు.

వెళ్ళేముందు నా చేతిలో ఒకటి పెట్టింది. చిటికెన వేలంత ఉంది, నల్లగా. పెన్‌డ్రైవ్ అట. వాళ్ళ ఆల్బమ్ మొత్తం అందులోనే ఉందట. స్టూడియోలో కంప్యూటర్ ఒకసారి చెడిపోయి రెండు పాటలు పోయాయట. అప్పటి నుంచి నలుగురూ తలా ఒక కాపీ ఇంట్లో దాచుకుంటున్నారు. జెన్నీ కాపీ మా ఇంట్లో.

"బీరువాలో పెట్టు మామ్మా. డిసెంబర్ ఐదున కంపెనీ వాళ్ళు రిలీజ్ చేసేదాకా బయటి చెవిన పడకూడదు. పడితే వాళ్ళు మమ్మల్ని వదిలేస్తారు. అర్థమైందా?"

"నాకెందుకు అర్థం కాదే. చీరల కింద పెడతాను."

వీళ్ళ రాక్ పాటల గుంపు పేరు నైట్ హాల్ట్. రాత్రికి పల్లెటూళ్ళో ఆగిపోయే ఆర్టీసీ బస్సుకు అనే మాట అది. ఆడపిల్ల పాడే గుంపుకు అదేం పేరు అంటే నవ్వుతుంది. జెన్నీ పాడుతుంది, పాటలు కూడా తనే రాస్తుంది. గోవింద్ గిటారు, సత్యశ్రీ కీబోర్డు. డ్రమ్ములు గొలుగొండ పిల్లాడు నాగేంద్ర. ఇదే మొదటి ఆల్బమ్. నాలుగేళ్ళుగా దీని కోసమే తిండీ నిద్రా లేకుండా తిరుగుతున్నారు.

చీరల కింద పెట్టాను. మళ్ళీ తీసి దుప్పట్ల మధ్య పెట్టాను.

అక్టోబర్ 28

ఉంది.

అక్టోబర్ 30

ఇది జెన్నీకి చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు.

ఆగస్టులో దాని గొంతు పోయింది. గొంతులో చిన్న కాయ ఉందన్నాడు డాక్టరు, మాట్లాడవద్దన్నాడు. స్టూడియో తేదీలు దగ్గర పడుతున్నాయి. పిల్ల పలక మీద రాసి చూపించేది, అన్నం వద్దని, నిద్ర రావడం లేదని. వాళ్ళమ్మ పోయిన దగ్గర నుంచి నేనే పెంచాను, అంత నిశ్శబ్దం ఆ పిల్ల దగ్గర ఎన్నడూ చూడలేదు. అప్పుడు మోకాళ్ళ మీద పడి మొక్కుకున్నాను. ప్రభువా, ఈ గొంతు తిరిగి ఇస్తే దాని ప్రథమఫలం నీ బల్ల మీద పెడతాను, లోకం వినక ముందే, అని.

గొంతు వచ్చింది. పాటలు పూర్తయ్యాయి.

మా ఇంట్లో మొదటి గెల గుడికి వెళ్ళకుండా ఎవరూ తినలేదు. మా ఆయన మొదటి జీతం కవరు చింపకుండా తీసుకెళ్ళి బల్ల మీద పెట్టారు. ఇప్పుడు నేను మాట తప్పితే ఆ గొంతు మళ్ళీ ఏమవుతుందోనని భయం.

నవంబర్ 2, ఆదివారం

కోతల పండుగ పదహారున అని మా పాస్టరు అయ్యగారు ప్రకటించారు. వాక్యం కూడా ప్రథమఫలాల మీదే చెప్పారు. చెబుతున్నంతసేపూ నావైపే చూశారు. నా వెనక గోడ గడియారం ఉన్న మాట నిజమే. అయినా నావైపే చూశారు.

నవంబర్ 5

జెన్నీని అడిగాను. అంటే, అడిగినట్టు కాకుండా అడిగాను.

"మీ పాటల్లో ఒకటి మన గుళ్ళో పాడితే ఎలా ఉంటుందే?"

పకపకా నవ్వింది. "మామ్మా! అవి గుళ్ళో పాడేవి కావే. నాగేంద్ర డ్రమ్ము ఒక్కసారి మోగితే క్రీస్తురాజు తాతయ్య కుర్చీలోంచి కింద పడిపోతాడు."

"దేవుడి గురించి ఒక్కటి కూడా లేదా?"

"దేవుడి మీద కోపంగా ఒకటుంది. సరిపోతుందా?"



రాత్రంతా ఆలోచించాను. పాడించమని మొక్కుకోలేదు కదా. బల్ల మీద పెడతానన్నాను, అంతే. బుట్ట అడుగున, రుమాల్లో చుట్టి పెడితే? అయ్యగారు ప్రార్థన చేస్తారు. ప్రభువు విన్నట్టవుతుంది. మనుషులు విన్నట్టు కాదు. ప్రార్థన అయ్యాక కానుకలన్నీ వేలం వేస్తారు కదా, నా బుట్ట నేనే పాడుకుని తెచ్చుకుంటాను. తప్పేముంది? రూతమ్మ ప్రతి ఏడూ తన కోడిని తనే పాడుకుని చంకన పెట్టుకుని ఇంటికి పోతుంది.

నవంబర్ 15

బుట్ట సర్దాను. అడుగున కొత్త బియ్యం, బియ్యంలో రుమాలు, పైన పెరటి చిక్కుడుకాయలు. తీశాను. మళ్ళీ పెట్టాను.

నవంబర్ 17

నిన్నటిది నిన్న రాయలేకపోయాను.

ప్రార్థన బాగా జరిగింది. బల్ల చుట్టూ గుమ్మడికాయలు, అరటి గెలలు, వరి కంకుల మోపులు. నా బుట్ట ముందు వరసలోనే ఉంది. అయ్యగారు చేతులు చాపినప్పుడు కళ్ళు మూసుకుని చెప్పుకున్నాను, ప్రభువా ఇదిగో, విను, అని. అప్పుడు నా గుండె ఎంత తేలికపడిందో. ఆ కాసేపూ నిజంగా తేలికపడింది.

తరువాత అన్నీ బయట పందిరి కిందకు మోసుకొచ్చారు. మా సంఘపెద్ద క్రీస్తురాజుగారు మైకు పట్టుకున్నారు. ఆయనకు ఏడాదికి ఒక్కసారే దొరుకుతుంది మైకు.

"ఇదిగో కృపామణమ్మగారి బుట్ట! కొత్త బియ్యం, పెరటి చిక్కుళ్ళు! పురుగు మందు కొట్టని చిక్కుళ్ళు! ఎవరండీ మొదలెట్టేది?"

నేనే మొదలెట్టాను. ఎవరూ పోటీ రాలేదు. చిక్కుడుకాయలకు ఎవరొస్తారు? రెండోసారి అనేశారు కూడా. అప్పుడు నేను తొందరపడ్డాను. ఆయన మూడోసారి అనకముందే నా పాట మీద నేనే ఇంకా పెంచాను. ఏం చేస్తున్నానో తెలియలేదు.

అందరూ నవ్వారు. వెనక నుంచి ఒక మగ గొంతు. "ఏటి మామ్మగారూ, మీ మీద మీరే పెంచుకుంటున్నారు? అందులో ఏదో మయిమున్నాదిరోయ్! నాను కూడా పాడతాను."

అతను లోవరాజు. గొలుగొండ రోడ్డులో ఆటో తోలుతాడు. మా సంఘం మనిషి కాదు, కానీ గుడి వేలంలో కొన్నది బండికి కలిసొస్తుందని ఏటా వస్తాడు. పోయినేడు గుమ్మడికాయ కొన్నాక కొత్త ఆటో వచ్చిందట.

నేను పెంచాను. అతను పెంచాడు. జనం చప్పట్లు. నేను పెంచుతున్నకొద్దీ అతనికి నమ్మకం పెరిగిపోయింది. క్రీస్తురాజుగారు "హల్లెలూయ చెప్పండి!" అని మైకులో ఒకటే కేక. నా పర్సు దాటిపోయింది, వచ్చే నెల పింఛను దాటిపోయింది.

ఆ ఒక్క మాట అనవలసింది. అయ్యా, ఆ రుమాలు మాత్రం నాది, అని. నోరు తెరిచాను కూడా. అదేమిటని విప్పితే? పాటలని తెలిస్తే? పెట్టండి వింటాం అంటే? అయ్యగారు కూడా అక్కడే నిలబడి నవ్వుతూ చూస్తున్నారు.

మూడోసారి అనేశారు. నేను చెప్పులు వెతుక్కునేలోపు ఆటో వెళ్ళిపోయింది.

నవంబర్ 18

చిక్కుళ్ళు వండుకుంటారు. బియ్యం దాచుకుంటారు. రుమాలు చూడనే చూడరు.

నవంబర్ 19

చూశారు.

గొలుగొండ ఆటోలు ఆగే చోట లోవరాజు కోసం నిలబడ్డాను. బండి కంటే ముందు జెన్నీ గొంతు వచ్చింది. నా పిల్ల గొంతు, నడిరోడ్డు మీద, అంత పెద్దగా. 

"మామ్మగారూ! మీ బుట్ట బంగారమండీ! బియ్యంలో పాటలు దొరికినాయి. దా, కూకోండి. ఎక్కడికెల్లాలి?"

ఎక్కడికని చెప్పను? ఎక్కి కూర్చున్నాను. కూరల మూటతో ఒక ఆవిడ ఉంది, ఎదురుగా ఇద్దరు కాలేజీ ఆడపిల్లలు.

"ఏట్రా లోవరాజా, ఎవులో సచ్చిపోనట్టు ఆ అరుపులేటి?" అంది కూరలావిడ.

"అరుపులు కావప్పా, రాకు పాటలు," అంది ఒక పిల్ల.

"రాకపోతే మానీమను. నా సెవులు పోతన్నాయి."

"ఊరుకో అప్పా, బాగున్నాది. తెలుగే. ఇను."

'ఆగని ఊరికి టిక్కెట్టు కొన్నాను, నన్నడగొద్దు' అని ఏదో పాడుతోంది. పాడటం కాదు, చింపుతోంది. ఈ పిల్లకు ఇంత కోపం ఎప్పుడు వచ్చింది? నా పక్కనే పడుకునేది కదా. ఆ వెనక డ్రమ్ము. అది సీటులోంచి నడుములోకి వస్తోంది. నా మోకాలు దానంతటదే ఊగింది. చేత్తో నొక్కి పట్టుకున్నాను. ఎవరైనా చూశారేమో.

గొలుగొండలో అందరూ దిగాక అడిగాను.

"బాబూ, బియ్యం, చిక్కుళ్ళు ప్రభువువి. అది మాత్రం నాది. పొరపాటున పడింది."

"ఏలంలో కొన్నది తిరిగిచ్చీకూడదండి, బండికి మంచిది కాదు." నా ముఖం చూశాడు. "ఓలమ్మ, ఏడుత్తన్నారేటి? మరాముక్క ఆయేల సెప్పొచ్చు గదేటండి! అన్నిసార్లు పెంచీసినారు, నాను పోటీ పడిపోయాను. తీసుకోండి. బియ్యం మట్టుకు ఇవ్వను, మా సాయిలక్ష్మి వండీసింది."

"ఇంకెవరికైనా ఇచ్చావా బాబూ?"

"నానెవులికీ ఇవ్వనేదండి. పాసింజర్లే సెల్లులో తీసుకున్నారు, ఒకలో ఇద్దరో."

ఒకరో ఇద్దరో. ఒకరో ఇద్దరో అంటే ఎంతమంది?

నవంబర్ 20

బీరువాలో పెట్టాను. దుప్పట్ల మధ్య. ఎక్కడ ఉండేదో అక్కడే ఉంది. ఏమీ జరగనట్టే ఉంది.

నవంబర్ 23, ఆదివారం

మొన్న వేలంలో నా ఉత్సాహం చూసి నేర్చుకోండని అయ్యగారు సంఘానికి చెప్పారు. లేచి నిలబడమన్నారు. నిలబడ్డాను.

నవంబర్ 24

జెన్నీ ఫోను. గొంతు వినగానే తెలిసింది.

"మామ్మా, పెన్‌డ్రైవ్ బీరువాలోనే ఉందా?"

"ఉంది."

"చూసి చెప్పు."

చూశాను. "ఉందే."

అబద్ధం కాదు. ఉంది.

"అయితే వాడే."

"ఎవరే?"

"నాగేంద్ర. ఎవరో ఆటోలో తీసిన వీడియో తిరుగుతోంది, మా పాటతో. గొలుగొండ రోడ్డు. వాడి ఊరి దారి కదా. వాడికి మొదటి నుంచీ ఈ కంపెనీ అంటే పడదు. కంపెనీ వాళ్ళు ఫోను మీద ఫోను. మాలోనే ఎవరో ఇచ్చారంటున్నారు, ఎవరో తేల్చకపోతే రిలీజ్ లేదంటున్నారు."

"ఆ బాబు అలాంటివాడు కాదేమోనే."

"నీకేం తెలుసు మామ్మా?"

నాకేం తెలుసు అని ఊరుకున్నాను.

నవంబర్ 25

రేపు చెబుతాను.

నవంబర్ 26

ఫోను చేశాను. ఎత్తలేదు. మళ్ళీ చేస్తే ఎత్తేదేమో. మళ్ళీ చేయలేదు.

నవంబర్ 27

సత్యశ్రీ ఫోను చేసింది, జెన్నీ తిండి తినడం లేదు, మీరైనా చెప్పండి మామ్మా అని. నిన్న అందరి ముందూ నాగేంద్రను దొంగ అనేసిందట. ఆ పిల్లాడు డ్రమ్ములు విప్పి, గూడ్సు బండికెత్తుకుని ఊరికి పోయాడట. గోవింద్ కూడా, వాడు లేకపోతే నేనూ లేనంటున్నాడట. "ఆల్బమ్ మాట తరువాత మామ్మా, ఇంక నైట్ హాల్టే ఉండదు," అని ఆ పిల్ల ఏడ్చింది.

ఆ గొంతు కోసమే కదా మొక్కుకున్నాను. గొంతు నిలబడింది, పాట పడిపోతోంది. ముందు ఎవరికి చెప్పాలి? జెన్నీకి చెబితే జన్మలో నా ముఖం చూడదు. చెప్పకపోతే

నవంబర్ 28

గొలుగొండ వెళ్ళొచ్చాను. లోవరాజు ఆటోలోనే. దారిలో అతను పాటలు పెట్టలేదు.

నాగేంద్ర వాళ్ళ కళ్ళంలో ధాన్యం ఎండబోశారు. పక్కన పరదా కప్పిన గుండ్రటి ఆకారాలు. చూడగానే తెలిసింది అవేమిటో. వాళ్ళమ్మ జోగులమ్మ చేట పట్టుకుని చెరుగుతోంది.

"ఎవులండీ?"

"జెన్నీ మామ్మనమ్మా. నర్సీపట్నం నుంచి."

చేట కింద పెట్టలేదు. "ఓహో. మావోడ్ని దొంగన్నాది, ఆ పాప మామ్మేటి? ఇంకేటి మిగిలిపోనాదని వొచ్చినారు?"

నాగేంద్ర చేనులోంచి కొడవలితో వచ్చాడు. నన్ను చూసి ఆగి, నమస్కారం పెట్టాడు. ఆ నమస్కారం చూసేసరికి ఇంక ఆగలేకపోయాను. నిలబడే చెప్పాను. మొక్కుబడి, బుట్ట, బియ్యం, వేలం, ఆటో, అన్నీ. మధ్యలో వెనక్కీ ముందుకీ పోయాను, అయినా చెప్పాను.

నాగేంద్ర కొడవలి కింద పెట్టాడు. తరువాత ఆ పిల్లాడు అడిగాడు.

"బుట్ట ఎంతకి పోనాది మామ్మా?"

చెప్పాను. ఈల వేశాడు. "కంపెనీ మాకిచ్చిన అడ్వాన్సు కన్నా నయం."

"నవ్వకురా ఎదవా!" జోగులమ్మ చేట పడేసింది. "నవ్వులాటేటి? రెండ్రోజులై నువ్వు కూడు తిన్లేదు." నావైపు తిరిగింది. "మామ్మగారూ, ఒక్క మాట సెప్పండి. ఆ పాటల్లో మావోడి వాయింపు నేదా?"

"ఉందమ్మా."

"ఆ కీబోర్డు పిల్లది నేదా? గిటారోడిది నేదా?"

"ఉంది."

"మరి మీ మనవరాలి గొంతొక్కటే అయినట్టు మీ దేవుడికి ఎలాగ ఇచ్చీసినారండీ? మా పంట మీరు తీసుకెల్లి మొక్కు తీర్చీసుకుంటే మీ దేవుడు మాత్రం ఒప్పుకుంటాడేటి? మమ్మల్నడిగారా? ఇచ్చీసి, ఆ తప్పు మావోడి నెత్తిన తోసీసినారు!"

 ఇన్నాళ్ళూ ఏమేమో భయపడ్డాను గాని, ఈ మాట ఒక్కసారి కూడా నాకు తోచలేదు.

"ఫోను సెయ్యండి," అంది. "ఇక్కడే, నా ముందర. పైకి ఇనిపించీలాగ."

చేశాను. జెన్నీ ఎత్తింది.

"గొలుగొండలో ఉన్నానే. నాగేంద్ర వాళ్ళింట్లో."

"అక్కడికెందుకు వెళ్ళావ్?"

"బీరువాలో ఉందన్నాను కదా. ఉంది. మధ్యలో లేదు."

అన్నీ మళ్ళీ చెప్పాను. రెండోసారి చెప్పడం తేలిక అనుకున్నాను. కాదు.

"మొక్కుబడా?" అంది.

"ఊఁ."

"నన్నొక్క మాట అడగాలనిపించలేదా మామ్మా?"

"అడిగితే వద్దంటావని."

"వొద్దనీ హక్కు దానికి నేదేటండీ!" అని జోగులమ్మే అరిచింది, ఇందాకటిదాకా తిట్టిన పిల్ల తరఫున.

అవతల చాలాసేపు ఏమీ లేదు. ఆ నిశ్శబ్దం నాకు తెలిసిందే, ఆగస్టు నాటిది.

"ఫోను వాడికివ్వు."

నాగేంద్ర తీసుకుని, గట్టు మీదుగా కోసిన చేనులోకి నడిచిపోయాడు. మాకు వినబడలేదు. జోగులమ్మా, నేనూ పక్కపక్కనే నిలబడి అటే చూశాము. ఒకచోట ఆగాడు. వరి మొదళ్ళను కాలితో తన్నాడు. మళ్ళీ నడిచాడు. ఒకసారి చెయ్యి ఊపుతూ అరిచాడు కూడా. జోగులమ్మ నాకు పీట వేసింది, కూర్చోమనలేదు.

తిరిగొచ్చి ఫోను నా చేతిలో పెట్టాడు.

"సారీ సెప్పినాదేట్రా?" అంది వాళ్ళమ్మ.

"సెప్పింది లేయే. అరిసి మరీ సెప్పింది."

"నా గురించి ఏమంది బాబూ?"

తల అడ్డంగా ఊపాడు. "మీ మాట ఎత్తనేదు మామ్మా."

పరదా తీశాడు. "లోవరాజన్నా, మీ బండిలో పడతాయా ఇవి?"

"పెద్దది పైన కట్టీద్దాం. బేగి తెండి!"

ఆ డ్రమ్ముల మధ్య ఇరుక్కుని నర్సీపట్నం వచ్చాను.

డిసెంబర్ 5, శుక్రవారం

విడుదలైంది. సత్యశ్రీ చెప్పింది. జరిగింది జెన్నీయే కంపెనీకి చెప్పిందట. రిలీజ్ ఆపలేదు గాని, బీచ్‌లో పెడతామన్న ఫంక్షన్ రద్దు చేశారట. నలుగురూ దాని కోసం బట్టలు కుట్టించుకున్నారు. అది నా వల్లే.

పక్కింటి వరహాలక్ష్మి, ఫోనులో పెడతాను వినండి మామ్మగారూ అంది. తలనొప్పి అన్నాను. జెన్నీ నన్ను వినమనలేదు కదా.

డిసెంబర్ 9

జెన్నీ ఫోను లేదు.

డిసెంబర్ 14, ఆదివారం

గుడి నుంచి వచ్చేసరికి గుమ్మం దగ్గర చెప్పులు. జెన్నీ.

మాట్లాడలేదు. అన్నం పెట్టాను, తింది. బీరువా తనే తీసి, దుప్పట్లన్నీ మంచం మీద పడేసి, పెన్‌డ్రైవ్ తీసుకుని బ్యాగులో వేసుకుంది. దుప్పట్లు మళ్ళీ మడతపెట్టింది కూడా. నేను వెనకే నిలబడ్డాను.

"పాటలు జనం వింటున్నారా?" అన్నాను.

"వింటున్నారు."

"నాగేంద్ర బాగున్నాడా?"

"కింద వ్యాన్లో ఉన్నాడు. గోవింద్, సత్యశ్రీ కూడా. అరకు వెళ్తున్నాం, కాలేజీలో ప్రోగ్రామ్."

"పైకి రమ్మనకపోయావా, టీ పెట్టేదాన్ని."

"మామ్మా, ఇప్పుడొద్దు."

బ్యాగు భుజాన వేసుకుంది. మెట్ల దాకా వెళ్ళి ఆగింది, నావైపు తిరగకుండానే అంది.

"రెండో ఆల్బమ్ చేస్తే నీకు చెప్పను."

"చెప్పకు," అన్నాను.

దిగిపోయింది. కింద ఎవరో ఏదో అన్నారు, నలుగురూ నవ్వారు, జెన్నీ నవ్వు కూడా వినబడింది. బండి మలుపు తిరిగేదాకా పిట్టగోడ పట్టుకుని నిలబడ్డాను. అరకు ఘాట్ రోడ్డు, ఆ డ్రైవరు ఎవరో, ఎలా తోలుతాడో.

రెండోది ఉందన్నమాట.

రాత్రి మోకాళ్ళ మీద కూర్చున్నప్పుడు ఆ రెండోదాని మాట నాలుక చివరి దాకా వచ్చింది. అనలేదు. లోపల్లోపల కూడా అనలేదు. ప్రభువుకు తెలిసే ఉంటుంది, నేను చెప్పగా మాత్రం కాదు.